లైవ్ మ్యాచ్ టెలికాస్ట్‌ల మన సెల్ఫ్ పోర్ట్రెయిట్: టికెట్ కొనేకాడి నుంచి గోడకు పెట్టేదాక పూర్తి గైడ్

సెల్ఫ్ పోర్ట్రెయిట్ అనంగనే అద్దం ముందట కూసోని గీసుకునేదో, చెయ్యి చాపి ఫోన్ల తీసుకునేదో యాదికొస్తది. నేను చెప్పేది ఇంకో తీరు. లైవ్ మ్యాచ్ నడుస్తుండంగ స్టేడియంల జనం నడుమ మనం కూసుంటం, టెలికాస్ట్ కెమెరా ఎప్పుడో ఒకసారి మన దిక్కు తిరుగుతది, ఆ రెండు సెకన్ల బొమ్మ దేశమంత పోతది, దాన్ని మనం పట్టుకుని మన బొమ్మగ తయారు చేసుకుంటం. కెమెరా మనది కాదు, లైటింగ్ మనది కాదు, బటన్ ఎప్పుడు నొక్కాల్నో చెప్పే హక్కు కూడ మనకు లేదు. మన చేతుల ఉన్నయి నాలుగే: యాడ కూసోవాలె, ఏం తొడుక్కోవాలె, కూసున్నంక ఎట్ల ఉండాలె, ఆఖర్కి ఏ ఫ్రేమ్ ఉంచుకోవాలె.

హన్మకొండ, జనగామ, జమ్మికుంట, మంచిర్యాల అసొంటి ఊర్లల ఉన్న మనకు టీవీ అంటే ఎప్పుడూ మన దిక్కు వచ్చేదే, మనం అందులకు పోవుడు చానా తక్కువ. అందుకే ఈ పని ఇక్కడి ఆర్టిస్టులు చేస్తే దాని బరువు వేరే ఉంటదని నేను గట్టిగ నమ్ముత. ఫైన్ ఆర్ట్స్ చదివిన పిల్లలు కావచ్చు, ఫ్లెక్సీ డిజైన్ చేసేటోళ్లు కావచ్చు, ఇంట్ల ఊకే బొమ్మలేసుకునేటోళ్లు కావచ్చు, అందరు చేయొచ్చు.

ముందుగాల కొంచెం హిస్టరీ, ఇది దాటేసి పోవద్దు

పెయింటర్లు గుంపు బొమ్మల తమను తాము పెట్టుకునుడు శాన పాత పని. 1434ల యాన్ వాన్ ఐక్ ఒక జంట బొమ్మ వేసి, వెనక గోడకున్న గుండ్రటి అద్దంల తలుపు కాడ నిలవడ్డ ఇద్దరు మనుషులను చిన్నగ వేసిండు, అద్దం పైన గోడ మీద యాన్ వాన్ ఐక్ ఇక్కడ ఉండె అని 1434 వేసి రాసిండు. రఫేల్ గ్రీకు తత్వవేత్తల గుంపు వేసినప్పుడు కుడి అంచుకు తన మొఖం పెట్టుకున్నడు. 1656ల వెలాస్కెజ్ రాజకుమారి బొమ్మల కుంచె పట్టుకుని తనే నిలవడ్డడు. మన పాలంపేటల 1213 నాటి గుడి చూడుండ్రి, కట్టించింది రేచర్ల రుద్రుడు, జనం పిలిచేది మాత్రం శిల్పి పేరు మీద రామప్ప గుడి అనే.

ఆటల దిక్కు వస్తే, 2005 ఏప్రిల్ 23న మాడ్రిడ్ల రియల్ మాడ్రిడ్, విల్లారియల్ ఫుట్‌బాల్ మ్యాచ్‌కు డగ్లస్ గోర్డన్, ఫిలిప్ పరెనో అనే ఇద్దరు ఆర్టిస్టులు 17 కెమెరాలు పెట్టి బాల్‌ను విడిచిపెట్టి జిదాన్ ఒక్కన్నే షూట్ చేసిండ్రు. పాల్ ఫైఫర్ అనే ఆర్టిస్ట్ టీవీల వచ్చిన బాక్సింగ్ ఫుటేజ్ తీసుకుని అండ్లకెళ్లి బాక్సర్లను చెరిపేసిండు, రింగు, తాళ్లు, వెనక జనం మిగిలిండ్రు. ఆ జనాన్ని ఒకసారి చూసినోళ్లు తర్వాత ఏ మ్యాచ్ చూసినా కన్ను వెనక సీట్ల మీదికే పోతది.

ఇగ ఆర్టిస్టులు కాకున్నా ఈ పని చేసినోళ్లు ఉన్నరు. అమెరికాల రోలెన్ స్టివార్ట్ అనే మనిషి 1970లు, 80లల రంగురంగుల విగ్గు పెట్టుకుని కెమెరా ఎటు చూస్తదో లెక్కేసుకోని కూసునేటోడు. మన దగ్గర ముజఫర్‌పూర్ సుధీర్ కుమార్ తెలవనోళ్లు లేరు, ఒళ్లంత మూడు రంగులు పూసుకుని, టెండూల్కర్ పేరు రాసుకుని, శంఖం ఊదుతడు. వీళ్లిద్దరు కెమెరాను పిలిచినోళ్లు. 2019 వరల్డ్ కప్‌ల ఇండియా, బంగ్లాదేశ్ మ్యాచ్‌కు బర్మింగ్‌హామ్ వచ్చిన 87 ఏండ్ల చారులతా పటేల్‌ను యాది చేసుకోండి. ఆమె బూర ఊదుకుంట మ్యాచ్ చూస్తున్నది, కెమెరానే ఆమెను ఎతుక్కుంట వచ్చింది. నా మనసంత ఈ రెండో దిక్కే ఉంటది, కింద చెప్పేదంత గూడ అటే మొగ్గు ఉంటదని ముందే చెప్తున్న.

స్టెప్ 1: ఏం బొమ్మ కావాల్నో ఒక్క లైన్ల రాసుకోండి

టీవీల కనవడాలె అన్నది లైన్ కాదు. అది అందరికి ఉండే కోరికే. "మా అమ్మ కట్టిన చీర కొంగు భుజాన వేసుకుని, ఐదు మ్యాచ్‌లల, ఐదు ఏరే స్టాండ్లల", ఇది లైన్. "జనమంత లేచి నిలవడ్డప్పుడు కూసోనే ఉన్న ఒక్క మనిషి", ఇది గూడ మంచి లైన్. ఒకే మ్యాచ్‌ల ఒకే ఫ్రేమ్ కంటె, ఒకే గుర్తుతోని సీజన్ పొడుగుత వచ్చే ఫ్రేములు ఎక్కువ మాట్లాడుతయి, ఎందుకంటే ఒకసారి కనవడితే యాక్సిడెంట్ అనుకుంటరు, మళ్లమళ్ల కనవడితే ఈ మనిషి ఎవరు అని చూసేటోళ్లకు అనుమానం షురూ అయితది. ఆ అనుమానమే మీ వర్క్.

స్టెప్ 2: టీవీ ముందట నోట్‌బుక్ పట్టుకుని కూసోండి

ఇది అందరు ఎగ్గొట్టే స్టెప్, నా లెక్కల ఇదే అన్నిటికంటే ముఖ్యం. ఒక వారం మ్యాచ్‌లు చూడండి కానీ స్కోర్ కోసం చూడొద్దు, జనం మీదికి కట్ అయినప్పుడల్లా రాసుకోండి: ఎన్నో ఓవర్, ఎన్నో బాల్, ఏమైనంక కట్ అయింది, ఎన్ని సెకన్లు ఉంది, ఎంత దగ్గరికెళ్లి తీసిండ్రు.

రాసుకుంటపోతే మీకే సమజైతది. ఓవర్‌కు ఓవర్‌కు నడుమ స్టేడియంల పెద్ద స్క్రీన్ మీద జనాన్ని మస్తు చూపిస్తరు, మనోళ్లంత ఎగిరి చేతులూపుతరు, కానీ ఆ టైంల ఇంటికాడ టీవీల యాడ్స్ నడుస్తుంటయి. స్ట్రాటజిక్ టైమ్ అవుట్ గూడ గంతే, రెండున్నర నిమిషాలు అంటే చానల్‌కు యాడ్స్ టైమే. కాబట్టి స్టేడియం స్క్రీన్ మీద మీరు కనవడ్డరు అంటే టెలికాస్ట్‌ల వచ్చినట్టు కాదు, ఈ రెండింటిని కలపొద్దు.

నిజంగ టెలికాస్ట్‌ల జనం వచ్చేది ఎప్పుడంటే, సిక్స్ కొట్టినప్పుడు బాల్ ఎంబడి కెమెరా స్టాండ్‌లకు పోతది గదా, అప్పుడు. వికెట్ పడ్డంక రీప్లేకు ముందు ఒకటి రెండు సెకన్లు. అన్నిటికంటే మంచి టైం రివ్యూ తీసుకున్నప్పుడు, థర్డ్ అంపైర్ చూసుకుంట కూసుంటడు, గ్రౌండ్‌ల ఏం జరుగుత లేదు, యాడ్‌కు పోయే వీలు లేదు, డైరెక్టర్‌కు చూపించనీకి ఏదో ఒకటి కావాలె, అప్పుడు జనం మొఖాల మీదికి వస్తడు. దండం పెట్టేటోళ్లు, గోర్లు కొరికేటోళ్లు, కండ్లు మూసుకున్నోళ్లు అప్పుడే దొరుకుతరు. ఐపీఎల్‌ల 2023 నుంచి వైడ్‌కు, నోబాల్‌కు గూడ రివ్యూ అడగొచ్చు కాబట్టి ఇసొంటి సందర్భాలు ఇంకా పెరిగినయి. ఆఖరి ఓవర్ గురించి చెప్పేదే లేదు, బాల్‌కు బాల్‌కు నడుమ జనమే జనం.

స్టెప్ 3: ఏ ఆట, ఏ సీటు

వరంగల్ దిక్కునుంచి పోయేటోళ్లకు ఉప్పల్ స్టేడియం మస్తు అనుకూలం, హైదరాబాద్ రోడ్డు ఉప్పల్ మీదికెళ్లే పోతది కాబట్టి సిటీ లోపలికి పోయే పనే లేదు. క్రికెట్‌ల మెయిన్ కెమెరా బౌలర్ వెనక ఎత్తుమీదికెళ్లి కిందికి చూస్తది, అండ్ల పిచ్, గడ్డి తప్ప జనం పెద్దగ కనవడరు. అందుకే సైట్‌స్క్రీన్ (బౌలర్ వెనక ఉండే పెద్ద తెర) పక్కకు ఎక్కువ పైసలు పెట్టి కూసుంటే బొమ్మ వస్తదనుకోవద్దు. లాంగాన్, డీప్ మిడ్‌వికెట్ దిక్కు (బ్యాటర్ కాళ్ల పక్కకు, ముందటికి కొట్టే దిక్కు), బౌండరీ దగ్గరి కింది వరుసలు మంచిగ పనిచేస్తయి. సిక్స్‌లు ఎక్కువ పడేది అటే, బౌండరీ కాడ ఫీల్డర్ క్యాచ్ పట్టినా ఆపినా వెనక బ్యాక్‌గ్రౌండ్‌ల వచ్చేది మీరే. రైట్ హ్యాండర్, లెఫ్ట్ హ్యాండర్‌ను బట్టి, ఏ ఎండ్‌కెళ్లి బౌలింగ్ అనేదాన్ని బట్టి మిడ్‌వికెట్ దిక్కు మారుతనే ఉంటది, కాబట్టి ఏ స్టాండ్‌కైనా వంతు వస్తది. మరీ పై అంతస్తు వరుసలల కూసుంటే మాత్రం కష్టం.

కబడ్డీ ఈ పనికి క్రికెట్ కంటే మేలని నా అభిప్రాయం. ప్రొ కబడ్డీ మ్యాచ్‌లు గచ్చిబౌలి ఇండోర్ స్టేడియంల జరిగినయి, 2024 సీజన్ షురూ అయిందే అక్కడ. మ్యాట్ 13 మీటర్లు, 10 మీటర్లు, గంతే, జనం దాని చుట్టూ దగ్గరగ ఉంటరు. మెయిన్ కెమెరా ఒక పక్కకు ఉంటది కాబట్టి దానికి ఎదురుంగ కింది వరుసలల కూసున్నోళ్లు మ్యాచ్ మొత్తం రెయిడర్ వెనక మసకమసకగ కనవడుతనే ఉంటరు. 20 నిమిషాల చొప్పున రెండు హాఫ్‌లు, రెయిడ్‌కు 30 సెకన్లు, అన్ని రెయిడ్లల ఫోకస్ ముందటి ప్లేయర్ మీదనే, వెనక మీరు ఒక రంగు మచ్చ. నాకైతే ఆ మచ్చ, క్లోజప్ కంటె నచ్చుతది.

పైసలు లేవా, ప్రాక్టీస్ కావాల్నా, మన ఊర్లల సంక్రాంతికి, జాతరలకు పెట్టే కబడ్డీ, వాలీబాల్ టోర్నమెంట్లు ఇప్పుడు యూట్యూబ్ల లైవ్ ఇస్తున్నరు. చానావరకు ఒక్కటే కెమెరా, అది ఎటు చూస్తదో ఐదు నిమిషాలల తెలుస్తది. హన్మకొండ జేఎన్ఎస్ల (జవహర్‌లాల్ నెహ్రూ స్టేడియం) గూడ సింథటిక్ ట్రాక్ ఉన్నది, 2021 సెప్టెంబర్ల నేషనల్ ఓపెన్ అథ్లెటిక్స్ అక్కడనే జరిగింది. ఇసొంటి మీట్లు వచ్చినప్పుడు పోండి, కర్వ్ కాడ, ఫినిష్ లైన్ ఎదురుంగ కూసోని చూడండి.

స్టెప్ 4: బట్టలు, రంగు, పిక్సెల్ లెక్క

ఇక్కడ జెర లెక్క చేద్దాం, చిన్నదే. హెచ్‌డీ ఫ్రేమ్ అడ్డం 1920 పిక్సెల్లు. జనం షాట్ల అడ్డంగ ఎన్ని సీట్లు కనవడుతున్నయో లెక్కపెట్టండి, సీటు సుమారు అర మీటర్ అనుకోండి. 40 సీట్లు కనవడితే 20 మీటర్లు, అంటే మీటర్‌కు 96 పిక్సెల్లు. మనిషి మొఖం వెడల్పు సుమారు 15 సెంటీమీటర్లు, అంటే 14 పిక్సెల్లు వస్తది. 14 పిక్సెల్లల కండ్లు, ముక్కు, నవ్వు ఏదీ ఆగది. అదే భుజాల వెడల్పు 45 సెంటీమీటర్లంటే 43 పిక్సెల్లు, దాంట్ల ఒక ఆకారం, ఒక రంగు నిలవడుతది. అంటే వైడ్ షాట్ల మీ గుర్తు మీ మొఖం కాదు, నడుము పైన ఉన్న బట్ట. క్లోజ్ షాట్, అంటే అడ్డం 8 సీట్లు కనవడే షాట్ల మొఖం 72 పిక్సెల్లు అయితది, అప్పుడు చూపు తెలుస్తది. రెండింటికీ తయారుండాలె.

ఇంకో సంగతి. టెలికాస్ట్ సిగ్నల్ల వెలుతురు వివరం పూర్తిగ వస్తది, రంగు వివరం మాత్రం అడ్డంల సగం, నిలువుల సగం, అంటే మొత్తం నాలుగోవంతే పంపుతరు. ఎర్ర చీర అంచు టీవీల పక్కకు కారినట్టు కనవడేది గందుకే. కాబట్టి రెండు రంగుల తేడా మీద ఆధారపడొద్దు, ఒకటి ముదురు, ఒకటి లేత ఉండాలె. ఉప్పల్ల సన్‌రైజర్స్ హోం మ్యాచ్ అంటే చుట్టూ ఆరెంజే ఆరెంజ్, దాంట్ల ఎరుపు, పసుపు వేసుకుంటే మునిగిపోతరు. తెల్ల షర్ట్ ఫ్లడ్‌లైట్ల కింద కాలిపోయి వివరం పోతది, నలుపు నీడల కలిసిపోతది. ముదురు నీలం గానీ ఆకుపచ్చ గానీ అంగి, దానిమీద మీగడ రంగు కండువ అడ్డంగ, ఇది నాకు బాగ నమ్మకమైన జోడి. సన్న గళ్లు, సన్న చారలు వద్దు, కెమెరాల అలలు అలలుగ మెరిసి డిస్టర్బ్ చేస్తయి, సన్న డిజైన్ ఇక్కత్ గూడ గంతే, ఎంత అందమైన బట్టైనా సరే. గొంగడి కప్పుకుంటే టీవీల అద్భుతంగ కనవడుతది, మనదనం గూడ ఉంటది, కానీ ఏప్రిల్, మే ఎండల ఆ ఉక్కపోతల వద్దు, డిసెంబర్, జనవరి మ్యాచ్ దొరికితే తప్పకుండ వేయండి.

ఇంట్లనే టెస్ట్ చేసుకోండి. ఆ బట్టలేసుకుని ఫోటో తీయించుకోండి, ఫోన్ల ఎడిటింగ్ యాప్ల దాన్ని 43 పిక్సెల్ల వెడల్పుకు చిన్నగ చేయండి, మళ్ల పెద్దగ చేసి చూడండి. ఇంట్లోళ్లకు చూపించి ఇది ఎవరు అని అడగండి. బట్టను బట్టి గుర్తువడితే పాస్. లేకుంటే కండువ వెడల్పు చేయండి, తల మీద ఏదన్నా చుట్టండి, ముదురు, లేత తేడా పెంచండి.

ప్లకార్డ్ గురించి అడుగుతరు. రాతలు వద్దనే చెప్త. అక్షరాలు పెట్టంగనే చూసేటోళ్లు మిమ్మల్ని ఇడిచి రాతను చదువుతరు.

స్టెప్ 5: ఇంటికాడ రికార్డింగ్ మనిషి

ఈ బొమ్మకు ఇద్దరు కావాలె. ఒకరు స్టేడియంల, ఒకరు టీవీ ముందట. అమ్మనో, చెల్లెనో, దోస్తునో ముందే ఒప్పించుకోండి, వాళ్ల పేరు గూడ వర్క్ల రావాలె.

ఓటీటీ యాప్‌లల స్క్రీన్‌షాట్ కొడితే చానావరకు నల్లగ వస్తది, కాపీ కాకుండ లాక్ ఉంటది. ఆ లాక్ తీసే సాఫ్ట్‌వేర్ల జోలికి పోవద్దు. టీవీని ఫోన్‌తోని షూట్ చేయుడే నాకు ఇష్టం, గ్లాస్, పిక్సెల్ గీతలు, ఇంట్ల వెలుతురు అన్ని బొమ్మల భాగమైతయి. ట్రైపాడ్ మీద ఫోన్ పెట్టి, టీవీకి రెండు మీటర్లు దూరం జరిగి జూమ్ చేయాలె, దగ్గరికెళ్లి తీస్తే అలలు పడతయి. ప్రో మోడ్ల షట్టర్ 1/50 దగ్గర పెడితే నల్ల గీతలు తక్కువ పడతయి. ఫోకస్, ఎక్స్‌పోజర్ లాక్ చేయాలె. రూంల లైట్లు బంద్. టీవీ సెట్టింగ్స్ల షార్ప్‌నెస్ తగ్గించాలె, వివిడ్ మోడ్ తీసేయాలె. మ్యాచ్ మొత్తం రికార్డ్ చేస్తే ఫోన్ వేడెక్కుతది, స్టోరేజ్ నిండుతది, అందుకని మీరు రాసుకున్న నోట్స్ చూసి ఏ టైంల రికార్డ్ ఆన్ చేయాల్నో వాళ్లకు ముందే చెప్పుండ్రి: బౌలర్ రనప్ మొదలైతే ఆన్, బాల్ అయిపోయినంక పది సెకన్లకు ఆఫ్, రివ్యూ అయితే అయ్యేదాక ఆన్.

స్టేడియంల నెట్‌వర్క్ సరిగ ఉండది, ఫోన్ కలవది. స్ట్రీమింగ్ గూడ లైవ్ కంటె వెనకనే నడుస్తది, మీరు లేచి కూసున్నంక ఇంట్లోళ్లు మీరు లేచుడు చూస్తరు. అందుకే గడియారం టైం రాసుకునుడు ఎందుకూ పనికి రాది. ఓవర్, బాల్ నంబర్ రాసుకోండి. 14.3 అంటే 14.3, అది స్టేడియంల, టీవీల, ఇంట్ల, రేపు రీప్లేల గూడ ఒక్కటే. కబడ్డీల అయితే స్కోర్, మిగిలిన గడియారం రెండు కలిపి రాసుకోండి. పెన్ను గేట్ కాడ ఆపొచ్చు, ఫోన్ నోట్స్ల రాసుకోండి.

స్టెప్ 6: మ్యాచ్ రోజు

హన్మకొండకెళ్లి మధ్యాహ్నమే బయలెల్లండి. రాత్రి మ్యాచ్ ఏడున్నరకు షురూ, అయిపోయేసరికి 11 దాటుతది, తిరుగు బస్సు సంగతి పోకముందే అరుసుకోవాలె. పెద్ద కెమెరా, సెల్ఫీ స్టిక్, కట్టెలు, నీళ్ల బాటిల్, పెద్ద బ్యాగు లోపలికి రానియ్యరు. టికెట్ వెనక, వెబ్‌సైట్ల రూల్స్ ఉంటయి, మొత్తం చదవండి.

కూసున్నంక చేయాల్సింది ఒక్కటే: మ్యాచ్ చూసుడు. నిజంగ చూసుడు. కెమెరా వస్తదని ఎదురుచూసే మొఖం కెమెరాకు వెంటనే తెలుస్తది, డైరెక్టర్‌కు కావాల్సింది ఆటల మునిగిన మొఖం. మీరు ఎంచుకున్న లైన్ల ఒక పని ఉంటే, కూసోనే ఉండుడో, కండువ సర్దుకునుడో, అది ప్రతిసారి అదే తీరుగ చేయండి. పక్కోళ్లకు ముందే చెప్పండి, అన్నా నేను బొమ్మలేస్తా, గిట్ల ఒక పని చేస్తున్న అని. మనోళ్లు మంచోళ్లు, వినంగనే సాయం చేస్తరు, కొందరు మీకంటే ఎక్కువ హుషారైతరు.

వెనకోళ్లకు అడ్డం నిలవడొద్దు. గ్రౌండ్‌లకు దిగుడు అనే ఆలోచన గూడ రావొద్దు, అది కేసు అయితది, ప్లేయర్లకు భయం, సెక్యూరిటీ వాళ్ల ఉద్యోగాలకు ఎసరు. అట్ల వచ్చిన బొమ్మల మీరు ఉండరు, మిమ్మల్ని గుంజుకపోయే పోలీసులే ఉంటరు.

ఇంటికాడికెళ్లే చేసే ఇంకో తీరు

కొన్ని మ్యాచ్‌లకు మనం పోలేం. నిజామాబాద్ బిడ్డ నిఖత్ జరీన్ 2022 మే 19న ఇస్తాంబుల్ల వరల్డ్ ఛాంపియన్ అయినప్పుడు, మన కల్లెడ బిడ్డ దీప్తి జీవంజి 2024 సెప్టెంబర్ 3న పారిస్ పారాలింపిక్స్ 400 మీటర్లల 55.82 సెకన్లకు కాంస్యం కొట్టినప్పుడు మనమంత ఈడ టీవీల ముందటనే ఉంటిమి. అసొంటప్పుడు వాన్ ఐక్ అద్దం పని చేస్తది. టీవీ గ్లాస్ మెరిసేదైతే నల్లటి భాగాలల మన నీడ పడతది. బాక్సింగ్ దీనికి చానా మంచిది, రింగు మీదనే లైట్, చుట్టూ చీకటి, ఆ చీకట్ల మీ మొఖం వచ్చి కూసుంటది. రూమంత చీకటి చేసి, మీ ఒక పక్కకు చిన్న టేబుల్ లైట్ పెట్టుకోండి, లైట్ స్క్రీన్ మీద పడొద్దు, మొఖం మీదనే పడాలె. ఫోన్ మీ చెవి పక్కన పెట్టి, ఫోకస్ స్క్రీన్ మీద కాకుండ నీడ మీద పెట్టండి. నీడ స్క్రీన్ వెనక అంతే దూరంల ఉన్నట్టు లెక్క, అందుకే స్క్రీన్ మీద ఫోకస్ పెడితే మొఖం మసక, మొఖం మీద పెడితే బాక్సర్ మసక. ఏది మసక కావాల్నో మీరే తేల్చుకోవాలె, ఈ పోర్ట్రెయిట్ల అదే అసలు నిర్ణయం.

స్టెప్ 7: ఫ్రేమ్ ఎంచుకునుడు

మన దగ్గర టెలికాస్ట్ సెకనుకు 25 ఫ్రేములు. రెండు సెకన్ల షాట్ అంటే 50 బొమ్మలు. అన్నీ విడివిడిగ తీసి వరుసగ పెట్టుకోండి. తొందరపడి అందంగ వచ్చిన ఫ్రేమ్ తీసుకోవద్దు. నేనైతే కండ్లు బాల్ మీద ఉన్న ఫ్రేమ్ తీసుకుంట, చెయ్యి సగం లేచి మసకగ ఉన్నా సరే. కెమెరాను చూసి నవ్విన ఫ్రేమ్ ఫేస్‌బుక్ ఫోటో అయితది, గంతవరకే. ఆ ఫ్రేమ్ల మీ పక్కన ఎవరున్నరు, ఎవరి చెయ్యి మీ మొఖానికి సగం అడ్డం వచ్చింది, వెనక నిద్రవోయే పిల్ల ఎవరు, అవన్నీ మీ పోర్ట్రెయిట్‌లనే ఉన్నట్టు.

కింద స్కోర్ పట్టీని కత్తిరించొద్దు. చానామంది దాన్ని క్రాప్ చేసి శుభ్రం చేస్తరు. నాకైతే ఆ పట్టీ, వాన్ ఐక్ గోడ మీద రాసుకున్న లైన్ రెండు ఒక్కటే. ఏ టీం, ఎన్ని పరుగులు, ఎన్నో ఓవర్, ఆ మనిషి ఆ టైంల ఆడ ఉండె అని చెప్పే సాక్ష్యం. దాన్నే మీ సంతకం అనుకోండి.

స్టెప్ 8: బట్ట మీదికి దించుడు

ప్రింట్ తీసి ఫ్రేమ్ కట్టించుకోవచ్చు, తప్పేం లేదు. కానీ మన దిక్కు చేర్యాల నకాషీ వాళ్ల పటాలు ఉన్నయి గదా, కథను అరలు అరలుగ గీసి, ఊరూరు తిప్పి పాడి వినిపించేటందుకు చేసినయి. టెలికాస్ట్ ఫ్రేములను అట్ల అరలల పెట్టి చూడుండ్రి, సీజన్ అంత ఒక్క పొడుగు పటం అయితది.

బట్ట తయారీ వాళ్ల పద్ధతిల చేయొచ్చు: ఖాదీ బట్టకు గంజి, సుద్ద మట్టి, చింతగింజల పేస్ట్, బంక కలిపి పూత వేస్తరు, ఒకటి ఆరినంక ఇంకోటి, గట్ల మూడు పూతలు. చింతగింజలు రాత్రి నానబెట్టి, రుబ్బి, ఉడకబెట్టాలె. పూత బాగ ఆరకముందు గీస్తే రంగు పాకుతది, వానకాలంల అయితే ఇంకా ఆగాలె.

కొలత ఇట్ల పెట్టుకోండి. టీవీ ఫ్రేమ్ 16కు 9. బట్ట అడ్డం 48 ఇంచులు, నిలువు 27 ఇంచులు తీసుకుంటే 3 ఇంచుల గళ్లు అడ్డం 16, నిలువు 9, మొత్తం 144 గళ్లు సరిగ్గ వస్తయి. ఫోటో మీద గూడ 120 పిక్సెల్లకు ఒక గడి గీస్తే 1920కి 16, 1080కి 9, రెండు గళ్లు ఒకదానికొకటి కలుస్తయి. ఇగ గడి తర్వాత గడి దించుకుంట పోవుడే. మనం స్టెప్ 4ల లెక్కేసిన 14 పిక్సెల్ల మొఖం ఇక్కడ 0.35 ఇంచ్, చింతగింజంత. నాలుగు ఫీట్ల పటంల మీ మొఖం గంతే. దాన్ని పెద్దగ చేయాలని చెయ్యి గుంజుతది, చేయొద్దు. ఆ గింజంత మొఖంల రెండు చుక్కలు, ఒక గీత, గంతే పెట్టండి, పిక్సెల్ల ఉన్నదానికంటె ఎక్కువ వివరం కల్పించొద్దు. కండువ మీగడ రంగు మాత్రం తేటగ రావాలె.

చేర్యాల పటాలకు వెనక ఎర్ర రంగు ఉంటది, అది వాళ్ల గుర్తు. మీరు ఆ ఎరుపు వాడితే ఎందుకు వాడుతున్నరో మీకు తెలిసి ఉండాలె. చేర్యాలకు జీఐ గుర్తింపు (ఆ ఊరి పేరు ఆ ఊరి పనికే చెల్లుతదనే ముద్ర) ఉన్నది, మీ పని మీద చేర్యాల పటం అని పేరు పెట్టి అమ్మొద్దు. పద్ధతి నేర్సుకోవాలంటే ఆ కుటుంబాల కాడికే పోయి, పైసలు ఇచ్చి, కూసోని నేర్సుకోండి.

స్టెప్ 9: హక్కులు

టెలికాస్ట్ మీద ఛానల్‌కు హక్కు ఉంటది. 1957 కాపీరైట్ చట్టం సెక్షన్ 37 ప్రకారం బ్రాడ్‌కాస్ట్ హక్కు 25 ఏండ్లు. మీ మొఖం అండ్ల ఉన్నదని ఆ క్లిప్ మీదైపోదు. కాబట్టి క్లిప్పులు యూట్యూబ్ల, ఇన్‌స్టాల పెట్టొద్దు. మీ స్టడీ కోసం ఫ్రేమ్ చూసి చేత్తో బొమ్మ గీసుకునుడు వేరు, ప్రింట్లు తీసి అమ్ముడు వేరు, స్పాన్సర్ లోగోలు పెట్టి అమ్ముడు ఇంకా వేరు. అమ్మాలని ఉంటే ముందు ఒక అడ్వకేట్‌ను అడగండి, పోస్టర్ కొట్టించినంక కాదు.

పక్కన కూసున్నోళ్ల సంగతి చట్టం కంటె మర్యాదది. మొఖం గుర్తువట్టే తీరుగ ఉంటే అడిగి పెట్టండి, అడిగే వీలు లేకుంటే వాళ్ల పోలిక రాకుండ మార్చి గీయండి. చిన్నపిల్లలను అమ్మనాన్న ఒప్పుకుంటేనే పెట్టండి.

స్టెప్ 10: చూపించుడు

హన్మకొండల ఇప్పుడు కాళోజీ కళాక్షేత్రం ఉన్నది, పబ్లిక్ గార్డెన్ల నేరెళ్ల వేణుమాధవ్ కళా ప్రాంగణం ఉన్నది, పోయి అడగండి, దొరకకుంటే కాలేజీ హాల్, ఊరి లైబ్రరీ గోడ గూడ నడుస్తది. పటం కంటి ఎత్తుకు కట్టండి, చూసేటోళ్లు దూరంకెళ్లి మొత్తం జనాన్ని చూసి, దగ్గరికొచ్చి మిమ్మల్ని ఎతుక్కునేటంత జాగ ఉండాలె, కనీసం పది ఫీట్లు. బాణం గుర్తులు, రౌండ్ మార్కులు పెట్టి ఇదో నేను అని చూపించొద్దు, ఎతుక్కోనీయండి.

పక్కన లేబుల్ల ఇవి రాయండి: ఏ మ్యాచ్, తారీఖు, స్టేడియం, ఎన్నో ఓవర్ ఎన్నో బాల్, షాట్ ఎన్ని సెకన్లు వచ్చింది, మీరు కూసున్న స్టాండ్, ఇంటికాడ రికార్డ్ చేసినోళ్ల పేరు. కెమెరామన్ పేరు తెలుసుకునే దారి ఉంటే తెలుసుకుని రాయండి. లేకుంటే కెమెరా: ఆ రోజు టెలికాస్ట్ టీం అని రాయండి. మీ పేరు అన్నిటికంటె కింద.